లాటిన్ అధ్యయన బృందం వార్షిక నివేదిక: గోడ రాతల నుంచి గణవిభజన దాకా

గౌరవ సభ్యులకు నమస్కారం.

ఈ ఏడాది మన పని చర్చి గోడల మీది రాతలు, చిత్రాల్లోని లాటిన్, పూజలోనూ పాటలోనూ ఉచ్చారణ, బడి పిల్లల వ్యాకరణం చుట్టూ తిరిగింది. ఛందస్సును చివర్లో కాస్త తడిమి వదిలేద్దాం అనుకున్నాం గానీ అదే ఎక్కువ సమయం తీసుకుంది. అందుకే నివేదికలోనూ దానికి కాస్త ఎక్కువ చోటు ఇచ్చాం. అన్ని తరగతుల్లోనూ ఒక సంగతి మళ్ళీ మళ్ళీ ఎదురైంది. మనవాళ్ళు లాటిన్‌లో చేసే తప్పులు చాలా మటుకు ఇంగ్లిష్ మీదుగా వెళ్ళడం వల్ల వచ్చేవే. తెలుగు నుంచి నేరుగా వెళ్తే దారి దగ్గర. అక్కడక్కడా తెలుగే అడ్డుపడుతుంది, ఆ చోట్లు కూడా రాశాం.

గోడ మీది రాతలు

మొదట ఒక సవరణ. గత ఏడాది పంచిన కాగితంలో ఐ.హెచ్.ఎస్. అనే మూడక్షరాలను లాటిన్ సంక్షిప్తంగా చూపించాం. అది తప్పు. అవి గ్రీకులో యేసు పేరులోని తొలి అక్షరాలు: అయోటా, ఈటా, సిగ్మా. నడిమి అక్షరం లాటిన్ హెచ్ లాగా కనబడుతుంది కాబట్టి దానికి లాటిన్ మాటలు తర్వాత అతికించారు. శిలువ మీది ఐ.ఎన్.ఆర్.ఐ. మాత్రం అచ్చంగా లాటినే: యేసుస్ నజరేనుస్ రెక్స్ యుదేయోరుమ్, అంటే నజరేయుడైన యేసు, యూదుల రాజు. జెస్యూట్ బడుల గోడల మీద ఉండే ఏ.ఎం.డి.జి. కూడా లాటినే: ఆద్ మయోరెమ్ దేయి గ్లోరియమ్, దేవుని అధిక మహిమ కోసం.

రాత చదవడానికి మేం పాటించిన క్రమం ఇది. రోమన్ పెద్దక్షరాల్లో యు అనే అక్షరం విడిగా లేదు, వి ఆకారమే రెండు పనులూ చేస్తుంది. కాబట్టి ముందు వి కనిపించిన ప్రతిచోటా అది అచ్చో హల్లో తేల్చుకోవాలి. తర్వాత, అక్షరం నెత్తిన అడ్డగీత ఉందేమో చూడాలి. ఉంటే అక్కడ చాలాసార్లు ఒక మ గానీ న గానీ ఎగిరిపోయిందన్నమాట. మన సున్నా చేసే పనే ఆ గీత చేస్తుంది, తెలుగువాళ్ళకు ఇది రెండు నిమిషాల్లో అలవాటవుతుంది. ఆ తర్వాత సంక్షిప్తాలు విప్పుకోవాలి. క్రియాపదం కోసం వాక్యం చివర వెతకాలి. సంఖ్యలు ఆఖర్న.

రోమ్‌లో సెయింట్ పీటర్స్ బసిలికా ముఖభాగం మీది వాక్యాన్ని ఈ పద్ధతిలోనే విప్పాం. దాంట్లో క్రియే లేదు. 'అపొస్తలుల నాయకుడి గౌరవార్థం, ఐదో పౌలు, బోర్గేసే వంశీకుడు, రోమన్, పోంటిఫెక్స్ మాక్సిముస్, 1612వ ఏట, ఏడో సంవత్సరంలో' అని ఉంటుంది. ఏడాది ఇలా కూడాలి: ఎం 1000, డి 500, సి 100, ఎక్స్ 10, రెండు ఐలు 2. తికమక పెట్టేది పోంట్ అనే ముక్క. అది రెండుసార్లు వస్తుంది. మొదటిది పోంటిఫెక్స్, అంటే పోప్ బిరుదు. రెండోది పోంటిఫికాటుస్, అంటే పదవీకాలం. ఆయన 1605లో పోప్ అయ్యాడు కాబట్టి 1612 ఏడో ఏడవుతుంది, లెక్క సరిపోయింది. పోంట్ మాక్స్ అన్న మాట రోమ్ నిండా కనిపిస్తుంది. అది ఎవరో పేరున్న మేస్త్రీ అనుకునే సందర్శకులు ఇప్పటికీ ఉన్నారు. అన్నట్టు, గుడి పీటర్‌దే అయినా ఈ వాక్యంలో పీటర్ పేరు లేదు, బిరుదు మాత్రమే ఉంది. కట్టించినవాడి ఇంటిపేరు మాత్రం గుమ్మానికి సరిగ్గా పైన పడింది.

రోమ్‌లోని ప్రాచీన ఆలయం పాంథియన్ మీద ఇంకో రకం చిక్కు. 'లూసియుస్ కొడుకు మార్కుస్ అగ్రిప్పా, మూడోసారి కాన్సుల్, కట్టించాడు' అని చెక్కి ఉంది. కాన్సుల్‌కి సంక్షిప్తం కాస్, మధ్యలో న పోయింది. కాన్సుల్ అంటే ప్రాచీన రోమ్‌లో అత్యున్నత అధికారి. ఫేచిత్ అంటే చేశాడు. కానీ ఇప్పుడు మనం చూసే కట్టడం హాడ్రియన్ చక్రవర్తి కాలానిది. పాత కట్టడం పోయాక కూడా పాత దాత పేరే ఉంచారు. గోడ మీద 'కట్టించాడు' అని ఉన్నంతమాత్రాన ఆ గోడ వయసు తేలదు.

చిత్రాలు, అచ్చుబొమ్మలు

పాత అచ్చుబొమ్మల అడుగున ఎడమవైపు ఒక పేరు, కుడివైపు ఒక పేరు సన్నగా ఉంటాయి. పక్కనున్న లాటిన్ క్రియ తెలియకపోతే ఎవరు ఏం చేశారో తేలదు. పింక్సిత్ అంటే రంగుల్లో చిత్రించాడు, దేలినేయావిత్ అంటే గీశాడు, ఇన్వేనిత్ అంటే ఊహించి రూపమిచ్చాడు, స్కుల్ప్సిత్ అంటే రాగి రేకు మీద చెక్కాడు, ఎక్స్‌కూదిత్ అంటే అచ్చువేసి ప్రచురించాడు. ఎక్కువసార్లు ఎడమవైపు ఉండేది చిత్రకారుడు, కుడివైపు ఉండేది చెక్కినవాడు. సంక్షిప్తంగా పింక్స్, దెల్, ఇన్వ్, స్కుల్ప్, ఎక్స్‌క్ అని ఉంటాయి. స్కుల్ప్ పక్కనున్న పేరును చిత్రకారుడిగా రాసుకోవడం అన్నిటికంటే ఎక్కువగా జరిగే పొరపాటు.

ఒక్క కాలం మార్పుతో అర్థం ఎంత మారుతుందో మైకెలాంజెలో సంతకం చూపిస్తుంది. చనిపోయిన యేసును ఒడిలో పెట్టుకున్న మరియ శిల్పం పియెతాలో ఆమె ఎదకు అడ్డంగా ఉన్న పట్టీ మీద అతను ఫేచిత్ అనకుండా ఫచియేబాత్ అని చెక్కాడు. అంటే 'చేశాడు' కాదు, 'చేస్తూ ఉన్నాడు'. చివరి త అక్షరం అక్కడ పూర్తిగా కనిపించదు కూడా. దీని వెనుక ప్రాచీన రోమన్ రచయిత ప్లినీ మాట ఉంది: అపెల్లెస్, పోలిక్లీటస్ లాంటి మహా కళాకారులు పని ఇంకా ముగియలేదన్నట్టు అసమాపక భూతకాలంలో సంతకం చేసేవారని ఆయన తన గ్రంథం పీఠికలో రాశాడు. 1500 నాటి ఆత్మచిత్రం మీద జర్మన్ చిత్రకారుడు ద్యూరర్ కూడా అదే కాలం వాడి, ఉత్తమ పురుషలో ఎఫ్ఫింగేబామ్ అని రాసుకున్నాడు, పక్కనే తన 28వ ఏట అని. ఇంగ్లిష్ అనువాదాల్లో ఈ తేడా తరచు మాయమైపోతుంది. తెలుగులో 'చేస్తూ ఉన్నాడు' అంటే చాలు, నిలుస్తుంది.

లండన్ నేషనల్ గ్యాలరీలోని ఆర్నొల్ఫీని దంపతుల చిత్రంలో అద్దం పైన 'యొహానెస్ దె ఐక్ ఫుయిత్ హిక్ 1434' అని ఉంటుంది. అంటే చిత్రకారుడు యాన్ వాన్ ఐక్ చిత్రించాడు అని కాదు, ఇక్కడ ఉన్నాడు అని. అదే వాన్ ఐక్ గీసిన, ఇప్పుడు వాషింగ్టన్‌లో ఉన్న దేవదూత సందేశం చిత్రంలో మరియ జవాబు తలకిందులుగా రాసి ఉంటుంది. మనం తల వంచుకు చదవాలి. పైనున్న దేవుడికి మాత్రం అది నేరుగానే కనిపిస్తుంది.

ఫ్రెంచ్ చిత్రకారుడు పూసాన్ గీసిన గొర్రెల కాపరుల చిత్రంలోని సమాధి వాక్యం మీద ఒక సాయంత్రం అంతా పోయింది. ఎత్ ఇన్ ఆర్కాదియా ఏగో. ఆర్కాదియా అంటే కవుల ఊహలో గొర్రెల కాపరుల సుఖసీమ. క్రియ లేదు. ఇంగ్లిష్‌లో ఏదో ఒక క్రియ పెట్టక తప్పదు, పెట్టగానే ఉన్నానా, ఉండేవాణ్ణా అన్న పేచీ. తెలుగులో 'ఆర్కాదియాలోనూ నేనే' అంటే వాక్యం క్రియ లేకుండానే నిలబడుతుంది. ఎత్ అన్నది 'ఆర్కాదియాలో' అన్న మాటకు అంటుకుంటుంది గానీ 'నేను'కి కాదు. కాబట్టి మాట్లాడుతున్నది చచ్చిపోయిన కాపరి కాదు, మృత్యువు. అంతకు ముందు ఇటలీ చిత్రకారుడు గ్వెర్చీనో గీసిన చిత్రంలో ఈ మాటల పైన పుర్రె ఉండటం చూస్తే అనుమానం ఉండదు.

ఉచ్చారణ

ఏది సరైన ఉచ్చారణ అన్న ప్రశ్న ప్రతి తరగతిలోనూ వచ్చింది. జవాబు: దేనికోసం అన్నదాన్ని బట్టి. శాంతి అనే మాట ద్వితీయలో ప్రాచీన రోమన్ పద్ధతిలో పాకెమ్, చర్చి పద్ధతిలో పాచెమ్, జర్మన్ గాయక బృందాల్లో పాత్సెమ్. గొర్రెపిల్ల అనే మాట ఇటలీలో ఆఞ్ఞుస్, జర్మనీలో ఆగ్నుస్. ఞ అక్షరం చేతిలో ఉన్న మనకు ఇది రాసుకోవడం తేలిక. పాడేటప్పుడు సంగీతం ఏ ఊళ్ళో పుట్టిందో చూసి ఒక పద్ధతి ఎంచుకుని చివరిదాకా దాన్నే పట్టుకోవాలి. ఒకే పాటలో రెండూ కలిస్తే వినేవాళ్ళకు వెంటనే తెలిసిపోతుంది. కీరియే ఎలేయిసోన్ (ప్రభూ, కరుణించు) లాటిన్ పూజలో ఉన్నా గ్రీకు మాటే.

పూజ విషయంలో ఒక అపోహ తీర్చాలి. కతోలిక చర్చి రెండో వాటికన్ మహాసభ లాటిన్‌ను తీసేయలేదు. 1963 డిసెంబర్ 4 నాటి పత్రం లాటిన్ వాడుకను నిలుపుకోవాలనే చెబుతూ, స్థానిక భాషలకు తలుపు తెరిచింది. ఆచరణలో స్థానిక భాషలే నిండిపోయాయి. పాత పద్ధతి పూజకు 2007లో ఇచ్చిన వెసులుబాటును 2021లో బాగా కుదించారు. అయినా లాటిన్ పనికిరాకుండా పోలేదు. 2013 ఫిబ్రవరి 11న పోప్ పదహారో బెనెడిక్ట్ తన రాజీనామాను లాటిన్‌లోనే చదివాడు. ఇటలీ వార్తాసంస్థ అన్సా విలేఖరి జొవాన్నా కీర్రికి ఆ భాష వచ్చు కాబట్టి అక్కడికక్కడే అర్థం చేసుకుని వార్త అందరికంటే ముందు పంపింది.

బడి

ఇటలీలో ప్రాచీన భాషలకు ప్రాధాన్యమిచ్చే ఉన్నత పాఠశాల లిచేయో క్లాసికోలో మొదటి రెండేళ్ళు వారానికి 5 గంటలు, తర్వాత మూడేళ్ళు 4 గంటలు లాటిన్. శాస్త్రాలకు ప్రాధాన్యమిచ్చే లిచేయో షెంటీఫికోలో ఐదేళ్ళూ 3 గంటలు. జర్మనీలో గిమ్నాసియుమ్ అనే ఉన్నత పాఠశాలల పిల్లలు రెండో విదేశీ భాషగా తరచు లాటిన్, ఫ్రెంచ్‌లలో ఒకటి ఎంచుకుంటారు. తెలుగు తల్లిదండ్రులు మమ్మల్ని అడిగేది ఇదే: తీసుకోవచ్చా? తీసుకోవచ్చు. మొదటి ఏడు హాయిగా పోతుంది. రెండో ఏట క్రియలకు నాలుగేసి రూపాలు బట్టీ పట్టాలి: అమో, అమారె, అమావీ, అమాతుమ్. ఇవి వెనకబడితే మూడో ఏట వాక్యం ముక్క కూడా కదలదు. రోజుకు ఐదు క్రియలు, ఆదివారం పాతవాటి వల్లెవేత, అంతకు మించిన ఉపాయం మాకు దొరకలేదు.

'మిహి ఎస్త్ లిబెర్' అన్న వాక్యం ఇంగ్లిష్ బళ్ళో చదివిన పిల్లలకు వింతగా ఉంటుంది. అది మాటకు మాట 'నాకు పుస్తకం ఉంది'. ఇంటి భాషలోకి తిప్పి చెప్పగానే ముడి విడిపోతుంది. విభక్తుల్లో మాత్రం జాగ్రత్త. లాటిన్ అబ్లాటివ్ మన తృతీయ, పంచమి, సప్తమి చేసే పనులు మూడూ ఒక్కటే మోస్తుంది: చేత, వలన, అందు. లాటిన్ దాతివ్ మన కి, కు. అయితే మన సంప్రదాయ పట్టికలో కిన్, కున్ షష్ఠి కింద ఉంటాయి. పట్టికను పట్టుకు పోతే షష్ఠి అంటే జెనిటివ్ (యొక్క) అనుకుని పిల్లలు బోల్తా పడతారు. పట్టిక కాదు, ప్రత్యయం చూడాలి.

తెలుగు అడ్డుపడే చోటు సంబంధ సర్వనామాలు. మనకు 'వచ్చిన మనిషి' ఉంది, 'ఎవరైతే, ఏదైతే' అని చెప్పే క్వీ, క్వే, క్వోద్ లాంటివి లేవు. రాయికీ చెట్టుకీ కూడా పుంస్త్రీ లింగాలు ఉండటం ఇంకోటి. రావిచెట్టు శాస్త్రీయ నామం ఫైకస్ రెలిజియోసా. మొదటి మాట చివర పురుష రూపంలా కనిపిస్తున్నా రెండోది స్త్రీ రూపం ఎందుకంటే, లాటిన్‌లో చెట్ల పేర్లు చాలావరకు స్త్రీలింగం.

ఛందస్సు

తెలుగు లిపికి ఉన్న ఒక సౌకర్యం ఇక్కడ బయటపడింది. లాటిన్‌లో ఎ, ఒ లకు హ్రస్వ దీర్ఘాలు రెండూ ఉన్నాయి, అర్థం వాటి మీదే నడుస్తుంది. వెనిత్ అంటే వస్తాడు, వేనిత్ అంటే వచ్చాడు. పొపులుస్ అంటే ప్రజ, పోపులుస్ ఒక చెట్టు. దేవనాగరి మామూలు రాతలో ఈ తేడా కుదరదు, మన లిపిలో కుదురుతుంది. అందుకే ఈ ఏడాది పాఠాలన్నీ తెలుగు లిపిలో రాయించాం.

రోమన్ కవి వర్జిల్ మహాకావ్యం ఈనీడ్ మొదటి పాదం తీసుకుందాం: అర్మ విరుమ్‌క్వె కనో త్రోయై క్వీ ప్రీముస్ అబ్ ఓరీస్. ఈ ఛందస్సులో పాదానికి ఆరు గణాలు. ప్రతి గణమూ భగణం (ఒక గురువు, రెండు లఘువులు) గానీ గగం (రెండు గురువులు) గానీ, చివరిది రెండక్షరాలు, ఐదోది దాదాపు ఎప్పుడూ భగణమే. విడగొడితే: అర్మవి, రుమ్‌క్వెక, నోత్రో, యైక్వీ, ప్రీముసబ్, ఓరీస్. అంటే భ, భ, గగ, గగ, భ, గగ. ఐదో గణం చివర అబ్ ఎందుకు లఘువు? బకారం పక్క మాట ఓరీస్‌లోకి జారిపోతుంది కాబట్టి. లాటిన్‌లో గురులఘువులు లెక్కించేటప్పుడు మాటల మధ్య గోడ లేదు. తెలుగులో వేరే మాట మొదట సంయుక్తం వస్తే ముందక్షరం సాధారణంగా లఘువుగానే ఉంటుంది. ఆ అలవాటుతో లెక్కిస్తే లాటిన్‌లో తప్పుతుంది.

మూడో పాదంలో సంధి తగులుతుంది: లీతొర, ముల్తుమ్ ఇల్లె ఎత్ తెర్రీస్ యక్తాతుస్ ఎత్ అల్తో. అచ్చు ముందు పదాంతపు అచ్చే కాదు, ఉమ్ కూడా లోపిస్తుంది. కాబట్టి ముల్తిల్లెత్ అని చదవాలి. లోపించకుండా లెక్కిస్తే రెండక్షరాలు మిగిలిపోయి ఆరు గణాలకు ఎక్కవు. లెక్క మిగిలిందంటే ముందు వెతకాల్సింది సంధినే.

ఇంకో ప్రమాదం గుర్తుల్లో ఉంది. మనం గురువుకు యు ఆకారపు గుర్తు వేస్తాం. లాటిన్ పుస్తకాల్లో అలాంటి గుర్తే లఘువుకు వేస్తారు, గురువుకు అడ్డగీత. సగం మంది కాగితాలు దీనివల్లే తలకిందులయ్యాయి. ఇకపై మన కాగితాల్లో గుర్తులు వద్దు, గ, ల అని అక్షరాలే రాద్దాం.

రెండు భాషలూ కలిసిన చోటు

మద్రాసులో ఉన్న జర్మన్ మిషనరీ బెంజమిన్ షుల్ట్సే 1728లో తెలుగు వ్యాకరణం రాశాడు, లాటిన్‌లో. ఐరోపా చదువరికి అందాలంటే అప్పుడు అదే భాష. ఆ రాత జర్మనీలోని హాలేలో అచ్చయింది 1984లో. అందులో ఆయన మన విభక్తులను లాటిన్ గళ్ళలో సర్దిన పద్ధతిని మన పట్టికతో పోల్చి చూడటం వచ్చే ఏడాది పనుల్లో ఒకటి.

రెండోది, ఈనీడ్ మొదటి భాగంలోని మొదటి 33 పాదాలు పూర్తిగా గణవిభజన చేయడం. వారానికి మూడు పాదాలు చొప్పున పదకొండు వారాలు పడుతుంది. పాల్గొనేవాళ్ళు గళ్ళ కాగితం, పెన్సిల్ తెచ్చుకోవాలి. పెన్ను వద్దు, సంధులు రెండోసారి చదివినప్పుడే దొరుకుతాయి.