సెనేట్‌ను చూపేవారు దాని తాళాన్నీ చూపాలి

సంపాదకుడు గారికి,

లోక్‌సభ స్థానాల పునర్విభజన మాట వచ్చినప్పుడల్లా, అమెరికా చట్టసభలో పై సభ అయిన సెనేట్‌లాగా రాజ్యసభలోనూ ప్రతి రాష్ట్రానికి సమాన స్థానాలివ్వాలని పత్రికల్లో రాస్తున్నారు. కోరిక సబబే కావచ్చు. కానీ ఆ ఏర్పాటును పెద్దమనుషులు ఔదార్యంతో ఇచ్చినట్టు రాయడం పొరపాటు. దాని వెనక కనెక్టికట్‌కు చెందిన రోజర్ షర్మన్ అనే పల్లెటూరి ప్లీడరు పదకొండేళ్ల పట్టు ఉంది.

షర్మన్ 1721లో మసాచుసెట్స్‌లో పుట్టాడు. కాలేజీ గడప తొక్కలేదు, నేర్చింది చెప్పులు కుట్టే పని. కనెక్టికట్‌లోని న్యూ మిల్‌ఫర్డ్‌కు మకాం మార్చి, 1745లో కౌంటీ సర్వేయరయ్యాడు. ఆనాటి సర్వేయరు సరంజామా దిక్సూచి, 66 అడుగుల గొలుసు. గొలుసుకు 100 లింకులు, పది చదరపు గొలుసులు ఒక ఎకరం. (మన సెంటు వెయ్యి చదరపు లింకులు కావడం ఆ గొలుసు చలవే.) గొలుసు బిగుతుగా లాగకపోయినా, వాలు మీద నేల వెంటే పరిచి కొలిచినా లెక్క తప్పుతుంది. పైగా ముల్లు చూపే ఉత్తరం ఏళ్లు గడిచేకొద్దీ పక్కకు జరుగుతుంది. పాత దస్తావేజులోని కోణం పట్టుకుని కొత్తగా గీత గీస్తే గట్టు పొరుగువాడి పొలంలో పడుతుంది. గట్టు తగాదాలు కోర్టుకెక్కేది అక్కడే. లా కాలేజీలు లేని రోజుల్లో ఇంట్లోనే పుస్తకాలు చదివి 1754లో లిచ్‌ఫీల్డ్‌లో వకీలయ్యాడు. మరుసటి ఏడే కాలనీ శాసనసభకు ఎన్నికయ్యాడు.

1776 ఆగస్టు 1న, బ్రిటన్‌పై తిరగబడ్డ అమెరికన్ కాలనీల ఉమ్మడి సభ అయిన కాంటినెంటల్ కాంగ్రెస్‌లో ఓట్ల లెక్కింపుపై వాదన నడుస్తుంటే ఆయన చెప్పింది ఇదీ: రెండు రకాలుగా లెక్కించండి, ఒకసారి కాలనీల పేర్లు పిలవండి, ఒకసారి సభ్యుల పేర్లు పిలవండి, రెండింట్లోనూ ఆధిక్యం వస్తేనే నెగ్గినట్టు. జాన్ ఆడమ్స్ రాసుకున్న నోట్సులో ఈ మాట ఉంది. అప్పుడది సాగలేదు. 1787 జూన్ 11న ఫిలడెల్ఫియాలో, రాజ్యాంగం రాసే సభలో మళ్లీ ఎత్తాడు. కింది సభలో జనాన్ని బట్టి, పై సభలో రాష్ట్రానికొక ఓటు అన్నాడు. 6-5తో ఓడింది. జూలై 2న మళ్లీ ఓటింగు పెడితే రాష్ట్రాల ఓట్లు 5-5, జార్జియా ప్రతినిధులు చీలిపోయారు. రాష్ట్రానికొకరితో కమిటీ వేశారు. కనెక్టికట్ తరఫున వెళ్లాల్సిన ఎల్స్‌వర్త్‌కు ఒంట్లో బాగాలేక షర్మన్ కూర్చున్నాడు. పై సభలో సమాన ఓటు ఇస్తారు, బదులుగా ద్రవ్య బిల్లులు కింది సభలోనే పుట్టాలి: కమిటీ కుదిర్చిన బేరం ఇది. జూలై 16న 5-4తో గట్టెక్కింది. మసాచుసెట్స్ ఓటు చీలింది, న్యూయార్క్‌కు ఓటేసేవారే లేరు, న్యూహాంప్‌షైర్ వాళ్లు ఇంకా రాలేదు, రోడ్ ఐలాండ్ అసలు రానేలేదు. పదమూడింటిలో అయిదు, అంతే!

షర్మన్‌ను దేవుణ్ని చేయనక్కర్లేదు. కింది సభను కూడా జనం నేరుగా ఎన్నుకోకూడదని, శాసనసభలే ఎన్నుకోవాలని వాదించినవాడు. బానిసల దిగుమతి తనకు నచ్చదంటూనే, దాన్ని కదపకుండా వదిలేయమన్నాడు. కానీ నెగ్గిన హక్కు మళ్లీ చేజారకుండా ఏం చేయాలో వకీలుగా ఆయనకు బాగా తెలుసు. మన వ్యాసాల్లో కనిపించనిది ఈ ముక్కే.

1787 సెప్టెంబరు 15న, సభ ముగింపుకొచ్చాక, ఏ రాష్ట్రానికైనా సమాన ఓటు తీసేయాలన్నా, దాని లోపలి పాలనలో వేలు పెట్టాలన్నా ఆ రాష్ట్రం ఒప్పుకోవాలన్న షరతు పెట్టమన్నాడు. ఓడిపోయింది. అయితే సవరణల అధికరణమే తీసేయండన్నాడు. అదీ ఓడింది. చిన్న రాష్ట్రాల గొణుగుడు పెరిగేసరికి గవర్నర్ మోరిస్ (గవర్నర్ ఆయన పేరే, పదవి కాదు) సమాన ఓటు ముక్క ఒక్కటే ప్రతిపాదించాడు. చర్చ లేకుండా ఆమోదించారు. ఏ రాష్ట్రానికైనా సెనేట్‌లో సమాన ఓటు తీసేయాలంటే ఆ రాష్ట్రం ఒప్పుకోవాలన్న ఆ షరతు అమెరికా రాజ్యాంగం అయిదో అధికరణంలో ఇప్పటికీ ఉంది. నేను తాళం అంటున్నది దీన్నే.

మన దగ్గర రాజ్యసభలో ఉత్తరప్రదేశ్‌కు 31, ఆంధ్రప్రదేశ్‌కు 11, తెలంగాణకు 7, సిక్కింకు 1. పార్లమెంటులో రాష్ట్రాల ప్రాతినిధ్యాన్ని మార్చాలంటే 368వ అధికరణం ప్రకారం ఉభయ సభల్లో ప్రత్యేక మెజారిటీతోపాటు సగం శాసనసభల ఆమోదం కావాలి. నష్టపోయే రాష్ట్రం ఆ సగంలో ఉండాలన్న నియమం లేదు. సమాన స్థానాలు ఇవాళ ఇచ్చినా అదే దారిలో రేపు తీసేయొచ్చు. లోక్‌సభలో రాష్ట్రాల సీట్ల సంఖ్య మారకుండా ఆపిన ఏర్పాటు కూడా 1976లో 42వ సవరణతో వచ్చి, 84వ సవరణతో పొడిగింపు పొందిందే.

రెండో సంగతి, సమాన స్థానాలకు చెల్లించే ధర. 1790 జనాభా లెక్కల్లో వర్జీనియా జనం డెలావేర్‌కు పన్నెండున్నర రెట్లు. 2020 లెక్కల్లో కాలిఫోర్నియా 3.95 కోట్లు, వయోమింగ్ 5.77 లక్షలు, అంటే 68 రెట్లు. ఇద్దరికీ సెనేటర్లు ఇద్దరేసి. ఆ తాళం ఉన్నంతకాలం దీన్ని సరిచేయడం దాదాపు అసాధ్యం. సెనేట్ నమూనా కోరేవారు, సిక్కింకూ ఉత్తరప్రదేశ్‌కూ ఒకే సంఖ్య ఇవ్వడానికి సిద్ధమేనా, 368లో ఆ షరతు ఏ మాటల్లో చేర్చమంటారో కూడా రాస్తే బాగుంటుంది.

ఒక పాఠకుడు,
గుంటూరు