తాళం వేసిన ఇల్లూ లెక్కలోదే

సంపాదకులకు నమస్కారం.

ఆరోగ్యం, సంక్షేమ పథకాల మీద జరిగే సర్వేల వార్తల్లో ఎంతమందిని అడిగారన్నది ప్రముఖంగా కనిపిస్తుంది కానీ, వాళ్లను ఏ పద్ధతిలో ఎంచుకున్నారన్నది చాలాసార్లు ఉండదు. కొన్నేళ్లు ఆరోగ్య సర్వేల్లో ఊరూరా తిరిగినవాడిని కనుక ఈ లేఖ రాస్తున్నాను.

2019-21 నాటి అయిదో జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో గ్రామాలను 2011 జనాభా లెక్కల జాబితా నుంచి, పెద్ద ఊరికి ఎక్కువ అవకాశం దక్కేలా ఎంపిక చేశారు. ఆ తర్వాత ఎంపికైన ఊళ్లో ఇళ్లన్నిటికీ కొత్తగా జాబితా రాసుకుని, అందులోంచి సమాన అంతరంతో 22 ఇళ్లు తీశారు. ఏ గడప ఎక్కాలో తేల్చేది జాబితాయే తప్ప, సర్వే చేసే మనిషి కాదు. తెలంగాణలో 15-49 ఏళ్ల మహిళల్లో 57.6 శాతం మందికి రక్తహీనత ఉందన్న అంకెను నమ్మగలగడానికి ఈ కట్టుబాటే ఆధారం.

ఈ కట్టుబాటు ఎక్కడ సడలుతుందో నేను మరో సర్వేలో కళ్లారా చూశాను. మిరపకోతల రోజుల్లో పొద్దున తొమ్మిదిన్నరకు ఒక ఊరికి వెళితే, మాకు వచ్చిన ఇళ్లలో ఏడింటికి తాళాలు వేసి ఉన్నాయి. మా బృందంలోని అమ్మాయి పక్కింటి అరుగు మీద కూర్చుని ఫారం నింపడం మొదలుపెట్టి, "ఇదీ ఇల్లే కదా సార్" అంది. సాయంత్రానికి లెక్క చూపించకపోతే కూలి తగ్గించే ఏర్పాటు ఉన్నప్పుడు ఆమెను తప్పుపట్టి లాభం లేదు. కానీ తెల్లవారకముందే చేనికి పోయిన ఆడమనిషి ఒంట్లోని రక్తం, ఆ వేళకు ఇంటిపట్టున ఉన్నావిడ రక్తం ఒకేలా ఉంటాయనుకోలేం. అన్నిటికన్నా చేటేమిటంటే, అలా ఇల్లు మారిస్తే ఫారాలన్నీ నిండుగానే కనిపిస్తాయి కాబట్టి జరిగిన తప్పు పైవాళ్లకు ఎన్నటికీ తెలియదు. ఆ రాత్రి టార్చిలైటు పట్టుకుని మళ్లీ తిరిగితే నాలుగిళ్లవాళ్లు దొరికారు. మిగిలిన మూడింటినీ 'దొరకలేదు' అనే రాశాం.

ఫోను సర్వేలకూ ఇదే చిక్కు: ఫోను ఇంట్లో ఎవరి చేతిలో ఉంటే వాళ్ల మాటే ఇంటిల్లిపాది మాటగా నమోదవుతుంది. ఆసుపత్రి ఓపీ వరుసలో నిలబడినవాళ్లనే అడిగితే, బస్సు చార్జీ లేక రాలేకపోయినవాళ్ల గోడు ఎక్కడా నమోదు కాదు.

కాబట్టి సర్వే వార్త వేసేటప్పుడు జాబితా ఎక్కడిది, మనుషులను ఎలా ఎంచారు, దొరకనివాళ్లు, జవాబు చెప్పనన్నవాళ్లు ఎందరు అన్న వివరాలను వార్త కిందనే రెండు వాక్యాల్లో ఇవ్వాలనీ, ఆ వివరాలు సర్వే సంస్థ చెప్పకపోతే చెప్పలేదనే రాయాలనీ మనవి.

— విశ్రాంత సర్వే పర్యవేక్షకుడు, ఖమ్మం జిల్లా