మహేంద్రతనయ అంటే ఏ మహేంద్రతనయ?

ఎడిటర్ గారూ, నమస్కారం.

మొన్నటి వానలకి మీ పేపర్లో మహేంద్రతనయకు వరద అని పెద్ద హెడ్డింగ్ పెట్టారు. అది చూసి హైదరాబాద్‌లో ఉంటున్న మా చిన్నాన్న తెల్లారకముందే ఫోన్ చేసి, ఇంట్లోకి నీళ్లొచ్చాయా, బియ్యం బస్తాలు మేడెక్కించారా అని ఒకటే టెన్షన్. మాది ఒడిశాలోని పర్లాకిమిడి. వెళ్లి చూస్తే మా ఏట్లో మోకాటి లోతు నీళ్లు కూడా లేవు. తీరా వార్త చివరిదాకా చదివితే కింద ఎక్కడో మందస, సోంపేట పేర్లు కనపడ్డాయి. పొంగింది మాది కాదు, అవతలిది! పైగా ఫొటో మాత్రం మా వంతెనది వేశారు.

మహేంద్రతనయ పేరుతో రెండు నదులున్నాయండీ. రెండూ మా గజపతి జిల్లాలోని మహేంద్రగిరి కొండల్లోనే పుడతాయి, పుట్టిల్లు ఒకటే గానీ అత్తారిళ్లు వేరు. ఒకటి పడమటి వైపు దిగి పర్లాకిమిడి, పాతపట్నం పక్క నుంచి పోయి గొట్టా బ్యారేజీకి కాస్త ఎగువన వంశధారలో కలుస్తుంది, ఆ నీళ్లు చివరికి కళింగపట్నం దగ్గర సముద్రంలో పడతాయి. రెండోది తూర్పుకి దిగి మందస, సోంపేట మీదుగా తన దారిన తను బారువ దగ్గర సముద్రంలో కలుస్తుంది. ఒకదానికి వరదొస్తే రెండోదానికి రావాలని రూలేమీ లేదు.

ఇక పేరు సంగతి. మహేంద్రుడంటే ఇంద్రుడు కాబట్టి ఇది ఇంద్రుడి కూతురని మా దగ్గర కొందరు చెబుతుంటారు. కాదు, ఇది కొండ కూతురు, పార్వతిని హిమవంతుడి కూతురు అన్నట్టే. మత్స్యపురాణంలోనైతే మహేంద్ర పర్వతంలో పుట్టిన నదులన్నిటినీ కలిపి మహేంద్రతనయలు అన్నారు, అందులో ఋషికుల్య కూడా ఉంది. నిజానికి ఋషికుల్య పుట్టేది ఇక్కడికి దూరంగా దారింగబాడి వైపు కొండల్లో, అంటే వాళ్ల లెక్కలో మహేంద్రం ఒక్క శిఖరం కాదు, మొత్తం కొండల వరస అయ్యుండాలి. నాకు తోచింది చెబుతాను, ఇది మొదట ఒక నది పేరు కాదు, ఇంటిపేరు లాంటిది. ఋషికుల్యకి సొంత పేరు దక్కింది, ఈ అక్కచెల్లెళ్లిద్దరికీ ఇంటిపేరే మిగిలింది. ఒడియా వాళ్లు దీన్నే మొహేంద్రొతొనొయా అంటారు. మా ఇంట్లో అయితే అంత పేరు ఎవరూ పలకరు, ఉత్తినే ఏరు అంటాం, మా అమ్మ ఏటవతల అందంటే పాతపట్నం అని అర్థం.

ఆ ఏటవతల అనేది కూడా 1936 ఏప్రిల్ 1 నుంచి వేరే రాష్ట్రమైపోయింది లెండి. అంతకుముందు ఇదంతా మద్రాసు ప్రెసిడెన్సీలో గంజాం జిల్లానే. ఇప్పుడు పైన కొండల్లో ఎంత వాన పడిందో ఒడిశా అధికారులు చెబుతారు, కింద హెచ్చరికలు ఆంధ్రా అధికారులు ఇస్తారు, రెండు రాష్ట్రాల మాటా మాకు చేరేది మీ పేపర్లోనే. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటినప్పుడు కరెంటు లేక, ఫోన్లు మూగబోయి మేం ఇక్కడ, సోంపేటలో ఇచ్చిన మా అక్క అక్కడ ఒకరి సంగతి ఒకరికి తెలీక ఎంత అల్లాడామో మాకే తెలుసు. అలాంటి రోజున ఒట్టి మహేంద్రతనయ అని రాస్తే ఎవరు సామాన్లు సర్దుకోవాలి?

అందుకే అడుగుతున్నా, ఇకమీదట పర్లాకిమిడి మహేంద్రతనయ అనో, బారువ మహేంద్రతనయ అనో ఒక్క ఊరి పేరు ముందు తగిలించండి. హెడ్డింగ్‌లో చోటు లేకపోతే వార్త మొదటి లైన్లో అయినా సరే.

మా చిన్నాన్నకి మాత్రం నా మాట మీద నమ్మకం కుదరలేదు, పేపర్లో వేశారు కదరా అంటారు. చివరికి ఏట్లోకి దిగి వీడియో తీసి పంపాల్సి వచ్చింది.

ఇట్లు,
మీ పాఠకుడు,
పర్లాకిమిడి