ఆ వీధికి రంగులెందుకు?

సంపాదకులకు నమస్కారం.

శాన్‌ఫ్రాన్సిస్కోలోని మార్కెట్ స్ట్రీట్‌లో 1906లో తీసిన మూకీ చిత్రం ఇప్పుడు రంగులు, చప్పుళ్లు కలిపి ఫోన్లలో తిరుగుతోంది. చాలామంది అదే అసలుదనుకుంటున్నారు. అందులోని మనుషుల కోట్ల రంగు, గుర్రపు డెక్కల చప్పుడు ఇప్పటివాళ్లు ఊహించి అతికించినవే. అప్పట్లో కేబుల్ కారు, అంటే వీధిలో పట్టాల మీద నడిచే ట్రాములాంటి బండి, ముందు కెమెరా పెట్టి తీశారు, అంతే. గుర్రపు బళ్లు అడ్డొస్తుంటాయి, పిల్లలు మోటారు కారు వెనక పట్టుకుని వేలాడుతుంటారు, ఒకే కారు మళ్లీ మళ్లీ తిరిగొస్తుంది. కొద్ది రోజులకే, ఏప్రిల్ 18న, భూకంపం వచ్చింది. ఆ వెంటనే లేచిన మంటలు ఆ వీధిని మింగేశాయి. ఆ మనుషుల్లో ఎవరు మిగిలారోనని చూసిన ప్రతిసారీ గుండె బరువెక్కుతుంది. అందుకే దాన్ని మారిస్తే మనసు చివుక్కుమంటుంది. రంగులు వేసినవాళ్లు ఆ మాట మొదట్లోనే చెప్పాలి. మీ ఆదివారం సంచికలో అసలు నలుపు తెలుపు ప్రతి గురించి రాయండి.

– ఒక పాఠకుడు, విజయవాడ