గుడి వెనక్కి కూడా వెళ్ళు

చీరాల

చిన్నీ,

చైనాలో చ్వాన్‌జౌ నడకకి గైడుని మాట్లాడుకున్నామని రాశావు. ఆరుగురికి ఒక గైడు సరిపోతాడు. పదిమంది దాటితే ఆ సన్న సందుల్లో వెనకున్నవాళ్ళకి ఒక్క ముక్కా వినపడదు. డబ్బు కట్టేముందు మాత్రం ఆయన్ని రెండు సంగతులు అడుగు: కైయువాన్ బౌద్ధ గుడిలో పెద్ద మందిరం వెనక్కి తీసుకెళ్తారా? పాత ఓడ దగ్గర కనీసం అరగంట ఆగుతారా? మొదటిదానికే నసిగాడంటే వేరే గైడుని చూసుకోండి. ఆ ఊళ్ళో చూడాల్సినవి సగానికి సగం వెనకవైపో, కాళ్ళ దగ్గరో, గోడలో కలిసిపోయో ఉంటాయి. ముందువైపు ఫొటోలు తీయించి పంపేసే నడకకి డబ్బు దండగ.

ముందు రైలు సంగతి. ఇంగ్లీషులో ఊరి పేరు క్యూతో మొదలవుతుంది గానీ పలికేది 'చ'. ఆ పేరుతో ఇప్పుడు మూడు స్టేషన్లున్నాయి. 2023 సెప్టెంబరులో ఫూజౌ నుంచి షియామెన్‌కి కొత్త హైస్పీడ్ లైను వేశాక చ్వాన్‌జౌ తూర్పు, చ్వాన్‌జౌ దక్షిణం అని రెండు కొత్తవి వచ్చాయి. మీకు కావలసింది వెనకా ముందూ ఏ దిక్కూ లేని ఉత్త 'చ్వాన్‌జౌ'. తూర్పు స్టేషన్లో దిగితే టాక్సీకి డబ్బూ పొద్దుటి గంటా రెండూ పోతాయి. షియామెన్ ఉత్తర స్టేషన్ నుంచి అరగంట ప్రయాణం. టికెట్టు మీద పేరు పాస్‌పోర్టులో ఉన్నట్టే అక్షరం పొల్లుపోకుండా ఉండాలి. ఆటోమేటిక్ గేటు మన పాస్‌పోర్టు చదవకపోతే అక్కడే తంటాలు పడకుండా మనిషి ఉన్న గేటుకి వెళ్ళండి. సోమవారం వెళ్ళొద్దు, మ్యూజియం మూసేస్తారు. జూలై నుంచి సెప్టెంబరు దాకా తుఫాన్ల కాలం, రైళ్ళే ఆపేస్తారు. మీరనుకుంటున్న నవంబరు బాగుంటుంది.

ఈ ఊరు ఎందుకంత గొప్పదో తెలిస్తే నడకలో ఏం వెతకాలో తెలుస్తుంది. సోంగ్ వంశపు రాజులు 1087లో ఇక్కడ సముద్ర వర్తకానికి సుంకాల కచేరీ పెట్టారు. అక్కణ్ణుంచి, తర్వాత వచ్చిన మంగోలుల యువాన్ కాలం ముగిసేదాకా అరబ్బులు, పారశీకులు, తమిళ వర్తకులు ఇక్కడ కాపురాలే పెట్టారు. మార్కో పోలో చెప్పిన జైతూన్ ఈ ఊరే. ఊరి చుట్టూ నాటిన 'త్సితోంగ్' చెట్టు పేరే అలా మారిందంటారు. అది మన పొలం గట్ల మీద ఎర్రగా పూసే బాడిద జాతి. అదే మార్కో పోలో 'ముత్ఫిలి' అని రాసింది మన పక్కనున్న మోటుపల్లినే. అక్కడ గణపతిదేవుడు 1244లో వేయించిన అభయశాసనంలో చీని కర్పూరం పేరుంది. గాలివానకి ఒడ్డుకి కొట్టుకొచ్చిన ఓడల సరుకు ఇకమీదట రాజు లాక్కోడనీ, ముప్పైకి ఒకటి చొప్పున సుంకం కడితే చాలనీ అందులో రాయించాడు. మన మాటల్లో చీనీ చీనాంబరాలు ఊరికే రాలేదు. 2021లో యునెస్కో గుర్తింపు వచ్చినప్పుడు ఈ ఊళ్ళో, చుట్టుపక్కలా కలిపి 22 చోట్లని లెక్కలోకి తీసుకున్నారు. ఒక్క రోజులో నాలుగైదు చూస్తే ఎక్కువ.

పొద్దున ఎనిమిదికల్లా కైయువాన్ గుడి దగ్గర ఉండండి. తొమ్మిదిన్నర దాటితే జెండాలు పట్టుకున్న గుంపులు దిగుతాయి. లోపలికి టికెట్టు లేదు. గడప తొక్కకు, దాటి వెళ్ళు. ఈ విషయంలో మన ఇంటి పద్ధతే అక్కడా. మందిరంలోపల విగ్రహాలకి ఫొటోలు వద్దు. తలెత్తి దూలాల కింద చూస్తే రెక్కలున్న 24 మంది స్త్రీ మూర్తులు కనిపిస్తారు, చేతుల్లో వాయిద్యాలూ ఫలాలూ ఉంటాయి. అందం కోసమే కాదు, పైకప్పు బరువు మోసే దూలాల చివర్లే అలా చెక్కారు.

అది చూశాక చుట్టూ తిరిగి మందిరం వెనక వరండాకి వెళ్ళు. అక్కడ పదహారు పలకల రాతి స్తంభాలు రెండున్నాయి. పచ్చటి చాయ ఉన్న నల్లరాయి. వాటి మీద గుండ్రటి చట్రాల్లో బొమ్మలుంటాయి. కొన్నిట్లో చైనా పూలూ సింహాలూ ఉంటాయి. కొన్నిట్లో మాత్రం నువ్వు గైడు చెప్పకుండానే గుర్తుపట్టే కథలున్నాయి: ఒళ్ళో హిరణ్యకశిపుణ్ణి పడుకోబెట్టుకున్న నరసింహుడు, రెండు మద్ది చెట్ల మధ్య బాలకృష్ణుడు, గోపికల చీరలెత్తుకుపోయిన కృష్ణుడు, గజేంద్రమోక్షం. గైడు "భారతీయ దేవతలు" అని ఒక్క మాటతో తేల్చేయొచ్చు. అప్పుడు కథ నువ్వే చెప్పు, ఆయనా వింటాడు. ఫ్లాష్ వేస్తే చెక్కడం చదునైపోతుంది. పక్క నుంచి వెలుతురు పడేలా నిలబడి తీయి.

ఇవి ఈ గుడికి చెక్కినవి కావు. యువాన్ కాలంలో ఊళ్ళో హిందూ గుడి ఉండేది. 1281 నాటి తమిళ, చైనా శాసనం ఒకటి దొరికింది, సంబంధ పెరుమాళ్ అనే ఆయన ఖాన్ క్షేమం కోరి శివుణ్ణి ప్రతిష్ఠించాడని అందులో ఉంది. హిందూ కట్టడం పడిపోయాక, యువాన్ల తర్వాతి మింగ్ రాజుల కాలంలో ఈ మందిరం బాగుచేస్తూ ఆ రాళ్ళు తెచ్చి వాడుకున్నారు. ముందువైపు అరుగు అంచున, సరిగ్గా మోకాలి ఎత్తులో, మనిషి ముఖం సింహం ఒళ్ళు ఉన్న పలకలు డెబ్బైకి పైగా ఉంటాయి. అవీ అలా వచ్చినవే. నూటికి తొంభైమంది వాటి పక్కనే నిలబడి గోపురాన్ని ఫొటో తీసుకుంటారు. ఒక్క మాట: ఇవి మన తెలుగువాళ్ళ పని అని వాట్సాప్‌లో పెట్టొద్దు. డబ్బు తమిళ వర్తకులది, ఉలి అక్కడి చైనా శిల్పులది.

రాతి గోపురాలు రెండూ పదమూడో శతాబ్దివి. తూర్పుది 48 మీటర్లు, పడమటిది 44. 1604 భూకంపానికి తట్టుకున్నాయి. చెక్క గోపురాల జోడింపునే రాతిలో దించారు, ఏ అంతస్తులోనైనా చూరు కింది దూలాలు చూస్తే తెలుస్తుంది. పడమటి గోపురం నాలుగో అంతస్తులో ఈశాన్యం వైపు కత్తి పట్టిన కోతిముఖం యాత్రికుడున్నాడు. ఫోన్ జూమ్ చాలదు, ఎవరి దగ్గరైనా చిన్న బైనాక్యులర్ ఉంటే తెచ్చుకోండి. హనుమంతుడి పోలికే అని వాదించేవాళ్ళున్నారు, కాదనేవాళ్ళూ ఉన్నారు.

గుడి ఆవరణలోనే ఓడ ఉన్న హాలుంది. దాన్ని వదిలేసే గైడులే ఎక్కువ, నువ్వు మాత్రం వదలకు. 1974లో హౌజూ రేవు బురదలోంచి తీసిన సోంగ్ కాలపు ఓడ, మిగిలిన భాగమే 24 మీటర్ల పొడవు, 9 మీటర్ల వెడల్పు. ముందు పక్కనుంచి చూసి లోపలి అడ్డగోడలు లెక్కపెట్టు: పన్నెండు. అంటే పదమూడు గదులు. ఒక గదికి చిల్లి పడితే నీళ్ళు అక్కడే ఆగుతాయి, ఓడ మునగదు, సరుకంతా తడవదు. ఒంటికి చెక్క పలకలు రెండు మూడు పొరలుగా వేసి, సందుల్లో నార, సున్నం, తుంగ్ చెట్టు గింజల నూనె కలిపి కూరారు. వెన్నుదూలం అతుకు దగ్గర ఏడు చిన్న గుంటలుంటాయి, సప్తర్షి మండలం ఆకారంలో. వాటిలో నాణేలు, కింద పెద్ద గుంటలో కంచు అద్దం పెట్టారు. ఓడకి ఆయుష్షు కోసమట. శంకుస్థాపనలో మనం నవధాన్యాలూ నాణేలూ వేయమూ? సరుకులో సుగంధపు చెక్కే రెండు వేల కిలోలకి పైన దొరికింది, మిరియాలు, గవ్వలు కూడా. సరుకుకి కట్టిన చెక్క చీటీలు 96. ఆ చీటీలు చూడకుండా బయటికి రాకండి.

అక్కణ్ణుంచి పడమటి వీధి. టిఫినుకి నోరూరించే బళ్ళన్నీ ఇక్కడే, నీ శాకాహారానికి గండమూ ఇక్కడే. మియన్‌షియన్ హూ అనే జారుడు సేమ్యా జావలో పంది పేగు, నెత్తురుగడ్డ వేస్తారు. ఏమీ వేయొద్దన్నా ఆ రసమే మాంసానిది. ఆకుకూర వేపుడు పచ్చగా కనిపిస్తుంది, కానీ వేయించేది పందికొవ్వుతో, పైన ఎండు రొయ్యలు చల్లుతారు. "మాంసం వద్దు" అంటే ముక్కలు తీసేసి ఇస్తారు, అంతే. "వో ఛ్ర్ సు" అను, నేను శాకాహారం తింటాను అని అర్థం, బౌద్ధ భిక్షువులు తినేలాంటిది. షిహువా గావ్ ధైర్యంగా తిను, సముద్రపు నాచుతో చేసిన చల్లటి జెల్లీ, తేనె వేసిస్తారు. పల్లీల పాయసం కూడా బాగుంటుంది. తూసున్ తోంగ్ కూడా జెల్లీలాగే ఉంటుంది గానీ అది ఇసకలో దొరికే పురుగులతో చేసింది. రెండిటి తేడా ముందే చెబుతున్నాను.

గడియారపు స్తంభం దగ్గర కుడికి తిరిగితే జోంగ్‌షాన్ రోడ్డు, దాన్ని దాటి కన్ఫ్యూషియస్ గుడి, ఆపైన తూమెన్ వీధి. కైయువాన్ గుడి నుంచి ఇక్కడికి సుమారు రెండు కిలోమీటర్లు. తూమెన్ వీధిలో చింగ్‌జింగ్ మసీదు, గువాన్ దేవుడి గుడి పక్కపక్కనే ఉంటాయి. మసీదు 1009లో కట్టింది. నమాజు హాలుకి ఇప్పుడు కప్పు లేదు, అరబిక్ చెక్కిన రాతి గోడల మధ్య గడ్డి. భుజాలూ మోకాళ్ళూ కప్పుకునే బట్టలు వేసుకోండి.

గువాన్ గుడిలో టకటకమని చెక్కముక్కలు నేలమీద పడే చప్పుడు వినిపిస్తుంది. అర్ధచంద్రాకారంలో రెండు ముక్కలు, ఒకవైపు చదును, ఒకవైపు ఉబ్బు. ప్రశ్న మనసులో అనుకుని వదులుతారు. ఒకటి చదునుగా, ఒకటి ఉబ్బుగా పడితే ఔను. రెండూ చదునువైపు పైకి వస్తే దేవుడు నవ్వుతున్నాడు, ప్రశ్న మళ్ళీ సరిగ్గా అడగమని. రెండూ ఉబ్బువైపు వస్తే కాదు. పెద్ద విషయాలకి వరసగా మూడుసార్లు ఔను రావాలి. మనిషి మోకాళ్ళ మీద ఉండగా ముఖానికి ఫోను పెట్టకండి. చప్పుడు వింటూ పక్కన నిలబడితే చాలు.

సముద్ర వర్తక మ్యూజియం నడక దారిలో లేదు, తూమెన్ వీధి నుంచి టాక్సీ ఎక్కండి. పాస్‌పోర్టు చూపిస్తే ఉచితం. రాతి శిల్పాల హాలుకే నేరుగా వెళ్ళు, లేకపోతే పడవల నమూనాల దగ్గరే ఓపిక అయిపోతుంది. ఊరి కోటగోడలు పడగొట్టినప్పుడు బయటపడ్డ రాళ్ళని వు వెన్‌లియాంగ్ అనే బడి పంతులు ఏళ్ళతరబడి పోగుచేసి దాచాడు, లేకపోతే ఏ ఇంటి పునాదిలోనో పోయేవి. శివలింగాన్ని పూజిస్తున్న ఏనుగు పలక వెతుకు. నువ్వు చూడగానే శ్రీకాళహస్తి అంటావు, తమిళులు జంబుకేశ్వరం అంటారు. చెక్కించినవాళ్ళు తమిళులు కాబట్టి అక్కడ వాళ్ళ మాటకే బలం.

రాత్రికి అక్కడే ఉంటే మర్నాడు లువోయాంగ్ వంతెనకి వెళ్ళండి. ఉత్తరాన ఉన్న లువోయాంగ్ నగరం వేరు, మ్యాపులో తప్పు నొక్కితే వెయ్యి కిలోమీటర్ల పైన చూపిస్తుంది. బయల్దేరేముందు ఆటుపోట్ల వేళలు చూసి, ఆటు వేళకే చేరండి. పోటు మీద వెళ్తే నీళ్ళూ వంతెనా తప్ప ఏమీ కనపడవు. నీళ్ళు దిగినప్పుడే స్తంభాల అడుగు బయటపడుతుంది. 1053లో మొదలుపెట్టి ఆరేళ్ళలో కట్టారు. నదీముఖంలో అలల దెబ్బకి పునాది నిలవక, ముందు వంతెన పొడవునా నదిలో రాళ్ళు పోసి తెప్పలాంటి కట్ట వేశారు, దాని మీద పడవ ముక్కులాంటి స్తంభాలు లేపారు. ఆ రాళ్ళ మీద ఆల్చిప్పలు పెంచారు. అవి రాయికీ రాయికీ మధ్య పెరిగి సున్నం గారలాగా బిగించేశాయి. చిన్న రాయి ఎత్తడానికే కష్టమయ్యే చోట టన్నుల బరువు దూలాలు ఎలా పెట్టారంటే, పోటు వేళ పడవ మీద తెచ్చి స్తంభాల మధ్య నిలబెట్టేవారు, నీళ్ళు దిగేకొద్దీ దూలం తనంతట తనే కూర్చునేది. బురదలోకి దిగొద్దు, ఆల్చిప్పల అంచులు కత్తుల్లా ఉంటాయి, చెప్పుల్ని కూడా కోసేస్తాయి. గట్టు మీద నుంచే చూడండి.

నాకు కావలసింది ఒక్కటే. ఆ వెనక స్తంభాల్లో ఒక్కోదానికీ చుట్టూ తిరిగి, ఏ పలక మీద ఏ బొమ్మ ఉందో కింది నుంచి పైకి వరసగా నోటుబుక్కులో రాసి పంపు. పక్కన మీలో ఒకర్ని నిలబెట్టి ఒక ఫొటో తీయి, ఎత్తు తెలుస్తుంది.

అమ్మ