స్క్రీన్‌ప్లే రచయిత పేరు ఏది?

నవలల ఆధారంగా వచ్చే డెన్మార్క్ సినిమాల గురించి పత్రికల్లో రాసేటప్పుడు స్క్రీన్‌ప్లే రచయిత పేరే వేయడం లేదు. యుస్సీ ఆడ్లర్ ఓల్సెన్ క్రైమ్ నవలలతో 2013 నుంచి 2018 దాకా నాలుగు సినిమాలొచ్చాయి. దర్శకులు ముగ్గురు మారారు, స్క్రీన్‌ప్లేలో నికొలాయ్ ఆర్సెల్ మాత్రం నాలుగింటికీ ఉన్నారు. మొదటి నవల చదివాకే సినిమా చూశాను. ఐదేళ్లు బందీగా ఉన్న మహిళ మనసులో నడిచేదంతా పుస్తకంలో మాటల్లో ఉంటుంది. తెరమీద దాన్ని గంటన్నరలో, చూపులతో, చీకటితో చెప్పాలి. ఆ కష్టం ముందు స్క్రీన్‌ప్లే రచయితదే. ఇదే ఆర్సెల్, రాస్ముస్ హైస్టర్‌బెర్గ్‌తో కలిసి 2012 బెర్లిన్ చిత్రోత్సవంలో ఉత్తమ స్క్రీన్‌ప్లేకు సిల్వర్ బేర్ అవార్డు అందుకున్నారు కూడా. సమీక్ష పక్కన రేటింగ్‌కు చోటిస్తున్నారు కదా, అక్కడే మూల నవల, దాని రచయిత, స్క్రీన్‌ప్లే రచయిత పేర్లు ఒక్క లైనులో తప్పకుండా వేయండి.

– ఒక పాఠకురాలు, గుంటూరు