కలివికోడి పొదల్లో చెట్లు నాటొద్దు

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్ అటవీ, పర్యావరణ శాఖ మంత్రి గారికి,

నమస్కారం. కలివికోడి గొంతు మళ్లీ వినపడిందని, పక్షి పరిశీలకులు దాని కూతను రికార్డు చేశారని 2025 ఆగస్టు తర్వాత వార్తలు వచ్చాయి. ఏళ్ల తరబడి ఖాయమైన ఆధారం లేక, ఇక లేదేమో అనుకున్న పిట్ట అది. ఇలాంటి వార్త వెనకాలే ప్రకటనలు, ప్రాజెక్టులు, నిధులు వస్తాయి. రావాలి కూడా. ఆ డబ్బుతో ఏం చేయకూడదో ముందుగా చెప్పుకుందామనే ఈ లేఖ రాస్తున్నాను.

ఈ పిట్ట ఒకసారి పోయి తిరిగొచ్చిందే. 1848లో శాస్త్రలోకానికి తెలిసింది. 1900లో అనంతపురం దగ్గర కనిపించాక ఎనభై ఏళ్లకు పైగా దాని ఊసే లేదు. 1986 జనవరిలో కడప జిల్లా రెడ్డిపల్లి దగ్గర మళ్లీ దొరికింది. బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ తరఫున భరత్ భూషణ్ వెతికారు, పిట్టను పట్టి తెచ్చింది మాత్రం స్థానిక వేటగాడు. శాస్త్రవేత్తలు అంతరించిందని రాసుకున్న రోజుల్లో కూడా అక్కడి జనానికి అది తెలిసిన పిట్టే. ఈ సంగతి మీ శాఖ ఎప్పుడూ గుర్తు పెట్టుకోవాలని నా మనవి.

చట్టం తన పని చాలావరకు చేసింది. 1988లో ఈ పిట్ట కోసం కడప జిల్లా లంకమల కొండల్లో లంకమల్లేశ్వర అభయారణ్యం ఏర్పడింది. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం మొదటి షెడ్యూల్‌లో కలివికోడి ఉంది, అంటే పులికి ఉన్న రక్షణే దీనికీ ఉంది. 2005లో అనుమతి లేకుండా తెలుగుగంగ కాలువ తవ్వకం దాని ఆవాసంలోకి వచ్చేసింది. పరిశోధకులు చూసి గగ్గోలు పెట్టారు, పనులు ఆగాయి. విషయం సుప్రీంకోర్టు నియమించిన కేంద్ర సాధికార కమిటీ దాకా వెళ్లి, చివరికి కాలువ దారి మార్చారు. మన రాష్ట్రంలో ఒక పిట్ట కోసం కాలువ పక్కకు జరిగిన సందర్భం ఇంకోటి నాకైతే గుర్తు లేదు.

కాలువ తవ్వే ప్రొక్లెయిన్‌ను ఆపడం తేలిక అని కాదు గానీ, అది కంటికి కనిపిస్తుంది. ఫొటో తీసి కోర్టుకు చూపించొచ్చు. నా టెన్షన్ అంతా మొక్కల పెంపకం పేరుతో, మంచి ఉద్దేశంతో వచ్చే గుంతలు, కందకాల గురించే.

కలివికోడికి దట్టమైన అడవి పనికిరాదు, ఉత్త మైదానమూ పనికిరాదు. రాత్రిపూట నేల మీద పరుగెత్తుతూ పురుగుల్ని ఏరుకు తినే పిట్ట ఇది. కలివి, రేగు, తుమ్మ పొదలు ఉండాలి, వాటి మధ్య నేల ఖాళీగా ఉండాలి. లంకమలలో పరిశోధకులు సన్నటి మట్టి పట్టీలు పరిచి, దాని అడుగుల ముద్రలు ఎక్కడ ఎక్కువ పడుతున్నాయో లెక్కగట్టారు. హెక్టారుకు సుమారు 300 నుంచి 700 దాకా ఎత్తయిన పొదలున్న చోట ఎక్కువగా తిరుగుతుందని తేలింది. పొదలు మరీ పలచనైనా రాదు, మరీ చిక్కబడినా రాదు.

ఇప్పుడు మన కాగితాలు చూడండి. కేంద్ర భూవనరుల విభాగం, హైదరాబాద్‌లోని జాతీయ రిమోట్ సెన్సింగ్ కేంద్రం కలిసి తయారుచేసే వేస్ట్‌ల్యాండ్ అట్లాస్‌లో ఇలాంటి పొదల నేల 'వృథా భూమి' లెక్కలోకి వస్తుంది. దేశంలో అడవుల విస్తీర్ణం కొలిచే ఫారెస్ట్ సర్వే వాళ్ల లెక్కలో కొమ్మల నీడ పది శాతం కంటే తక్కువ ఉంటే అది అసలు అడవే కాదు, ఉత్త 'స్క్రబ్'. అక్కడ మొక్కలు నాటి పదిశాతం దాటిస్తే రాష్ట్రంలో అడవి పెరిగినట్టు. అంటే ఒక చట్టం ఈ పిట్టను ముట్టుకుంటే జైలంటుంది, ఇంకో లెక్కేమో దాని ఇంటిని చెడగొట్టిన వాడికి మార్కులు వేస్తుంది. ఏ అధికారి అయినా లక్ష్యం పూర్తి చేయడానికి ఇలాంటి 'ఖాళీ' నేలే వెతుక్కుంటాడు. ఆయన్ని తప్పుపట్టి లాభం లేదు, లక్ష్యమే అలా రాసి ఉంది.

అభయారణ్యం గీత బయట పరిస్థితి ఇంకా కష్టం. 1991 నుంచి 2000 వరకు లంకమల లోపలా చుట్టుపక్కలా పదో వంతుకు పైగా పొదల నేల పోయిందని ఉపగ్రహ చిత్రాల ఆధారంగా చేసిన పరిశోధన చెప్పింది. ఎక్కువగా పొలాలైపోయింది.

ఇక మేకలు. మేత ఎక్కువైతే పొదలు పోతాయి, నిజమే. కానీ జీవాల్ని పూర్తిగా ఆపేస్తే పొదలు చిక్కబడిపోయే ప్రమాదమూ ఉంది. ఎంత మేత మంచిదో పరిశోధకులు, జీవాలు కాసేవాళ్లు కలిసి తేల్చాల్సిన విషయం. బోర్డు పెట్టి తరిమేయడం వల్ల తేలదు.

'ఏం ఉపయోగం ఈ పిట్టతో?' అని మిమ్మల్ని అడిగేవాళ్లుంటారు. పులిలాగా టూరిస్టుల్ని తేదు. 2013లో గిర్ సింహాల కేసులో సుప్రీంకోర్టు, మనిషికి ఏం లాభం అన్నది కొలబద్ద కాదని, ఆ జాతికి ఏది మేలో అదే చూడాలని చెప్పింది. నా మాట ఇంకా సూటిగా ఉంటుంది. దీని గూడు ఎలా ఉంటుందో శాస్త్రానికి ఇప్పటికీ తెలియదు. తెలిసిన ఒకే ఒక గుడ్డు స్కాట్లండ్‌లో అబెర్డీన్ యూనివర్సిటీ మ్యూజియంలో ఉంది. 1917లో కోలార్ ప్రాంతంలో సేకరించింది, అది కలివికోడిదేనని 2013లో డీఎన్ఏ పరీక్షతో గానీ తేలలేదు. ఇంత తక్కువ తెలిసిన ప్రాణి ఉనికిని తుడిచేసే హక్కు ఏ ప్రభుత్వానికీ లేదు, దాని లాభనష్టాలు లెక్కగట్టే తెలివి మనకింకా రాలేదు.

అలాగని భారమంతా పక్కూళ్ల మీద వేయొద్దు. ఆవాసం కోసం రైతు భూమి తీసుకుంటే డబ్బు చేతికిచ్చాకే హద్దురాయి పాతండి. రాత్రి సర్వేలకు ఎర్రచందనం దొంగల భయం ఎలాగూ ఉంది, ఆ చీకట్లో దారి తెలిసినవాళ్లు ఆ ఊళ్లవాళ్లే. వాళ్లను రోజుకూలీ వాచర్లుగా కాకుండా ఏడాది పొడవునా జీతమున్న ట్రాకర్లుగా పెట్టుకోండి. పొదల్లో కూతలు రికార్డు చేసే యంత్రాలు పెట్టి, వాటి బాగోగులు వాళ్లకే అప్పగించండి. కూత వినపడిన చోటును మాత్రం రహస్యంగా ఉంచండి. ఫొటో కోసం సెల్‌ఫోన్‌లో అదే కూత పదేపదే వినిపించి పిట్టను బయటికి లాగేవాళ్లు తప్పకుండా వస్తారు.

అన్నిటికంటే ముందు చేయాల్సింది ఒకటుంది, దానికి పెద్ద ఖర్చు కూడా లేదు. వచ్చే వానాకాలం మొక్కల లక్ష్యాలు ఖరారయ్యేలోగా, లంకమల చుట్టూ ఉన్న పొదల నేలలో మొక్కలు నాటడం, కందకాలు తవ్వడం ఆపుతూ, రెవెన్యూ శాఖతో కలిసి ఆ నేలను కలివికోడి ఆవాసంగా నమోదు చేస్తూ ఒక జీవో ఇప్పించండి.

ఇట్లు,
కడప జిల్లా పౌరుడు